మ్యాథ్స్ టీచర్ మాయమైపోయే పుస్తకం



పోయిన పీటీఎంలో ఏడో తరగతి అబ్బాయి నాన్నగారు ఒకరు ప్రోగ్రెస్ రిపోర్టు మీద సంతకం పెట్టి, సంచిలోంచి ఒక ఇంగ్లిష్ నవల తీసి నా ముందు పెట్టారు. "ఇది మీ లైబ్రరీదేనా మేడమ్?" అని అడిగారు. లోపల మా స్టాంపే ఉంది, అవునన్నాను. ఆయన మొదటి అధ్యాయం తెరిచి చూపించారు. అందులో ఒక పిల్లవాడు కత్తి ఝుళిపిస్తే వాళ్ల మ్యాథ్స్ టీచర్ పొడి పొడి అయిపోయి గాల్లో కలిసిపోతుంది. పక్క టేబుల్ దగ్గరున్న మా మ్యాథ్స్ సార్ కూడా ఇటు తిరిగి చూశారు.

"స్లిప్ టెస్ట్‌కి చదవరా అంటే పది నిమిషాలు కుదురుగా కూర్చోడు మేడమ్. ఇదైతే రాత్రి పదకొండు దాకా వదలడం లేదు. అసలేముంది ఇందులో?"

ఆయన వెనక ఇంకా చాలామంది పేరెంట్స్ నిలబడి ఉన్నారు. "మంచి పుస్తకమే సార్, చదవనివ్వండి" అని మాత్రం అనగలిగాను. ఆయన ముఖం చూస్తే ఆ జవాబు సరిపోలేదని తెలుస్తూనే ఉంది. ఈ మధ్య ఆరు నుంచి ఎనిమిదో తరగతి దాకా చాలామంది బ్యాగుల్లో ఈ పుస్తకం కనిపిస్తోంది కాబట్టి, ఆ రోజు చెప్పలేకపోయింది ఇక్కడ తీరిగ్గా చెబుతాను.

పుస్తకం పేరు ‘పెర్సీ జాక్సన్ అండ్ ద లైట్నింగ్ థీఫ్’. రాసింది రిక్ రియర్డన్ అనే అమెరికన్ రచయిత. 2005లో వచ్చింది. పెర్సీకి పన్నెండేళ్లు. న్యూయార్క్‌లో అమ్మతో ఉంటాడు. తండ్రి ఎవరో తెలియదు. చదవబోతే అక్షరాలు పేజీ మీద నిలవవు, డిస్లెక్సియా. ఒక చోట కూర్చోలేడు, ఏడీహెచ్‌డీ. ఆరేళ్లలో ఆరు స్కూళ్లు మారాడు. ఇప్పుడున్నది ‘సమస్య పిల్లల’ కోసం పెట్టిన బోర్డింగ్ స్కూలు. అక్కడి నుంచి కూడా పంపించేసేలా ఉన్నారు.

స్కూలు వాళ్లు పిల్లల్ని న్యూయార్క్‌లోని మెట్రోపాలిటన్ మ్యూజియానికి తీసుకెళ్తారు. ప్రాచీన గ్రీసు శిల్పాలు చూపించడానికి వెళ్లిన ఆ ట్రిప్‌లోనే మ్యాథ్స్ టీచర్ మిసెస్ డాడ్స్ రెక్కలు, గోళ్లు వచ్చి పెర్సీ మీదికి దూకుతుంది. గ్రీకు పురాణాల్లో పాపుల వెంటపడి పగ తీర్చుకునే ముగ్గురు ఫ్యూరీలు ఉంటారు. ఆవిడ వాళ్లలో ఒకరు. వీల్‌చెయిర్‌లో తిరిగే లాటిన్ సార్ మిస్టర్ బ్రన్నర్ ఒక పెన్ను విసురుతాడు, అది పెర్సీ చేతిలో కత్తి అవుతుంది. తర్వాత ఎవర్ని అడిగినా మిసెస్ డాడ్స్ అనే టీచరే మన స్కూల్లో లేరంటారు. మా మ్యాథ్స్ సార్‌కు నేను ఇచ్చిన వివరణ కూడా ఇదే: చనిపోయింది టీచర్ కాదు సార్, టీచర్ వేషంలో వచ్చిన రాక్షసి.

పెర్సీ తండ్రి సముద్ర దేవుడు పోసీడాన్ అని కొన్నాళ్లకు తెలుస్తుంది. దేవతల రాజు జ్యూస్ వజ్రాయుధం లాంటి పిడుగును ఎవరో దొంగిలించారు. అనుమానం పెర్సీ మీద పడింది. వేసవిలో పగలు అన్నిటికన్నా పొడుగ్గా ఉండే రోజు వచ్చేలోగా దాన్ని వెతికి తెచ్చి ఇవ్వకపోతే దేవతల మధ్య యుద్ధమే. ఆనబెత్, గ్రోవర్ అనే ఇద్దరు స్నేహితులతో కలిసి పెర్సీ అమెరికా ఈ చివర నుంచి ఆ చివర దాకా, అంటే న్యూయార్క్ నుంచి లాస్ ఏంజెలెస్ దాకా బయల్దేరతాడు. దొంగ ఎవరో మాత్రం ఇక్కడ రాయను. మీ పిల్లలు నన్ను క్షమించరు.

సగం దేవుడు, సగం మనిషి అంటే ఏమిటో అమెరికా పిల్లలకు వివరించడానికి రియర్డన్ కొన్ని పేజీలు ఖర్చు పెట్టాడు. మన పిల్లలకు అంత అక్కర్లేదు. ధర్మరాజు యముడి కొడుకు, భీముడు వాయుదేవుడి కొడుకు, అర్జునుడు ఇంద్రుడి కొడుకు అని వాళ్లకు అమ్మమ్మలు, నాయనమ్మలు ఎప్పుడో చెప్పేశారు. అందుకే క్లాసులో ఈ పుస్తకం మీద చర్చ పెడితే నేను అనుకోని చోటుకు వెళ్లింది. పెర్సీ లాంటి పిల్లల కోసం లాంగ్ ఐలండ్‌లో ఒక క్యాంపు ఉంటుంది. ఒక్కో దేవుడి పిల్లలకు ఒక్కో ఇల్లు. ఎవరి తండ్రి, ఎవరి తల్లి తమవాడేనని ఒప్పుకోలేదో ఆ పిల్లలందరూ పదకొండో నంబరు ఇంట్లో నేల మీద పక్కలు పరుచుకుని, పిలుపు ఎప్పుడొస్తుందా అని ఎదురుచూస్తూ ఉంటారు. కొందరికి ఏళ్లు గడిచిపోతాయి. ఇది చదువుతుంటే ఒక అమ్మాయి చెయ్యెత్తి, "మేడమ్, కర్ణుడు ఉంటే ఆ ఇంట్లోనే ఉండేవాడు కదా" అంది. నిజమే. అంతే కాదు, తండ్రి పట్టించుకోలేదన్న కోపంతో శత్రువు పక్షాన చేరిపోయే పాత్ర కూడా ఈ కథలో ఒకటుంది. ఆ పిల్లవాడి కోపం తప్పా, కాదా అని మా క్లాసు రెండుగా విడిపోయి బెల్లు కొట్టేదాకా వాదించుకుంది. పరీక్షలో నాలుగు మార్కుల ప్రశ్న ఇచ్చినా వాళ్లు అంత ఇంగ్లిష్ మాట్లాడరు.

రియర్డన్ పద్ధతి ఏమిటంటే, పాత కథను తీసుకొచ్చి నేటి అమెరికాలో ఏ కొట్టులోనో, ఏ హోటల్లోనో దాచిపెడతాడు. దేవతల ఒలింపస్ పర్వతం ఎంపైర్ స్టేట్ బిల్డింగ్‌లో లేని 600వ అంతస్తులో ఉంటుంది. పేరెంట్స్ అందరూ తప్పకుండా చదవాల్సింది లాస్ వేగస్ హోటల్ అధ్యాయం. హోమర్ చెప్పిన ఒడిస్సీ కథలో నావికులు లోటస్ అనే పండు తిని ఇల్లు, వాకిలి మరిచిపోతారు. నాయకుడు ఒడీసియస్ వాళ్లను ఏడుస్తుండగానే లాక్కొచ్చి ఓడలో కట్టేయాల్సి వస్తుంది. ఈ నవలలో ఆ పండు ఒక హోటల్ అయింది. లోపల కావాల్సినన్ని వీడియో గేములు, తిన్నంత తిండి, ఎవరూ బిల్లు అడగరు. పెర్సీ, స్నేహితులు కాసేపు ఆడుకుందామని వెళ్తారు. పెర్సీకి అక్కడ పరిచయమైన ఒక కుర్రాడు ఇది 1977వ సంవత్సరం అనుకుంటూ ఉంటాడు. అప్పుడు తేరుకుని బయటపడి చూస్తే, అయిదు రోజులు గడిచిపోయి ఉంటాయి. గడువుకు ఇక ఒక్క రోజే మిగిలింది. ఈ అధ్యాయం అయ్యాక ఫోన్ గురించి నేను ఒక్క మాట కూడా అనలేదు. "మేడమ్, రీల్స్ కూడా ఇంతే" అని వాళ్లే అన్నారు. మానేశారా అని అడగకండి.

మరో పాత కథ మెడూసాది. తల మీద వెంట్రుకలకు బదులు పాములు, కళ్లలోకి చూసినవాళ్లు రాయి అయిపోతారు. గ్రీకు కథలో పెర్సియస్ అనే వీరుడు తళతళలాడే డాలులో ఆమె ప్రతిబింబం చూస్తూ తల నరుకుతాడు. పెర్సీ పూర్తి పేరు కూడా పెర్సియస్సే. గ్రీకు వీరుల్లో కథ సుఖాంతమైనవాళ్లు తక్కువ, వాళ్లలో అతనొకడు కాబట్టి వాళ్లమ్మ ఆ పేరు పెట్టుకుంది. (అసలు పురాణంలో పెర్సియస్ జ్యూస్ కొడుకు, పోసీడాన్ కొడుకు కాదు. ఈ తేడా పట్టుకుని లైబ్రరీలో నిర్ధారించుకుని వచ్చి నాకు చెప్పినవాళ్లు ముగ్గురున్నారు.) నవలలో మెడూసా న్యూజెర్సీ రోడ్డు పక్కన తోటల్లో పెట్టుకునే బొమ్మలమ్మే ఒక కొట్టు నడుపుతూ ఉంటుంది. ఆ బొమ్మలన్నీ ఒకప్పుడు ఎవరో మీకు అర్థమయ్యే ఉంటుంది.

పెర్సీ ఆ కొట్టు బోర్డు చదవలేడు. మెరిసే ఎర్ర లైట్ల అక్షరాలు, ఆయనగారి కళ్లకు చిందరవందరగా కనిపిస్తాయి. పుస్తకంలో కూడా వాటిని అలాగే తారుమారు చేసి అచ్చువేశారు. గ్రోవర్ చదివి చెప్పేదాకా అక్కడ ఏం రాసి ఉందో మనకూ తెలియదు. ఆ పేజీ క్లాసులో పైకి చదివించాను. ఎప్పుడూ గడగడా చదివే అమ్మాయి ఆ లైను దగ్గరికొచ్చేసరికి ఆగిపోయి, కూడబలుక్కుంటూ, మళ్లీ మొదటికొచ్చి తడబడింది. అందరూ నవ్వారు. వెనక బెంచీలోంచి ఎవరో, "మాకు రోజూ ఇంతే" అన్నారు.

ఆ గొంతు ఎవరిదో నాకు తెలుసు. ఆ అబ్బాయి డైరీలో జూన్ నుంచి నేను రాస్తున్నది ‘అజాగ్రత్త’, ‘శ్రద్ధ లేదు’, ‘ఇంటి దగ్గర చదివించండి’. బీఈడీలో లెర్నింగ్ డిసెబిలిటీ మీద ఒక పాఠం చదివాను, పరీక్షలో రాశాను, మార్కులు కూడా బాగానే వచ్చాయి. నలభై మంది కూర్చున్న గదిలో ఆ పాఠం గుర్తు రావడానికి మాత్రం ఒక కథల పుస్తకం కావాల్సి వచ్చింది.

అందుకే ఈ పుస్తకంలో నాకు అన్నిటికన్నా గట్టిగా తగిలింది రాక్షసులు లేని ఒక చిన్న సన్నివేశం. పెర్సీకి ఇష్టమైన టీచర్ ఆ లాటిన్ సార్ ఒక్కడే. అందరితో పాటు నువ్వూ చదవగలవు అని పెర్సీ మీద నమ్మకం పెట్టుకున్న మనిషి. ఆయన కోసమైనా పాసవ్వాలని పరీక్ష ముందు రాత్రి పెర్సీ కూర్చుంటాడు. కైరాన్ ఒకరు, కేరాన్ ఒకరు, ఎవరు ఎవరో ఎంతకీ గుర్తుండదు. విసుగొచ్చి పుస్తకాన్ని గది అవతలికి విసిరేస్తాడు. పరీక్ష అయ్యాక సార్ పిలిచి, ఈ స్కూలు వదిలి వెళ్లడం నీకే మంచిది, నువ్వు మామూలు పిల్లవాడివి కాదు అనే అర్థంలో ఏదో ఓదార్పుగా చెబుతాడు. చుట్టూ మిగతా పిల్లలు వింటూ ఉంటారు, ఒకమ్మాయి వెక్కిరింపుగా నవ్వుతుంది. పెర్సీకి కళ్లలో నీళ్లు తిరుగుతాయి. ఆయన ఉద్దేశం మంచిదే. ఆ మాటకు వేరే అర్థం ఉందని మనకు తర్వాత తెలుస్తుంది. ఆ క్షణంలో పన్నెండేళ్ల పిల్లవాడికి వినిపించింది మాత్రం, నువ్వు దేనికీ పనికిరావు అనే. పీటీఎంలో మేం మీతో, మీరు మాతో పిల్లల్ని పక్కన నిలబెట్టుకుని మాట్లాడే మాటలు వాళ్లకు ఎలా వినిపిస్తాయో నేను అప్పటిదాకా ఆలోచించలేదు.

రియర్డన్‌కు ఇదంతా ఎలా తెలుసంటే, ఆయన కూడా టీచరే. టెక్సస్, కాలిఫోర్నియాల్లో దాదాపు 15 ఏళ్లు మిడిల్ స్కూలు పిల్లలకు ఇంగ్లిష్, చరిత్ర చెప్పాడు. ఆయన కొడుకుకు చిన్న క్లాసుల్లోనే డిస్లెక్సియా, ఏడీహెచ్‌డీ ఉన్నాయని తేలింది. చదువంటే పారిపోయే ఆ పిల్లవాడికి నచ్చినవి గ్రీకు పురాణాలు మాత్రమే. రాత్రుళ్లు పడుకునే ముందు తండ్రి ఆ కథలే చెప్పేవాడు. కథలు అయిపోయాయి. అవే దేవుళ్లతో కొత్తది చెప్పమన్నాడు కొడుకు. అలా పుట్టింది పెర్సీ. కథ చెప్పడానికి మూడు రాత్రులు పట్టింది, కొడుకు రాయమంటే రాయడానికి ఏడాది పట్టింది. అచ్చుకు ఇచ్చే ముందు తన స్టూడెంట్స్ కొందరికి ఇచ్చి చదివించి, వాళ్ల అభిప్రాయాలు తీసుకున్నాడు.

ఆ తండ్రి తన కొడుకు కోసం కల్పించిన వివరణ ఇది: పెర్సీకి ఇంగ్లిష్ అక్షరాలు కుదురుగా కనిపించకపోవడానికి కారణం అతని మెదడు ప్రాచీన గ్రీకు భాష కోసం తయారైంది. ఒక చోట కూర్చోలేకపోవడానికి కారణం యుద్ధంలో ప్రాణాలు కాపాడే చురుకుదనం. అంటే స్కూల్లో లోపం అన్నది క్యాంపులో బలం అవుతుంది. ఆ వెనక బెంచీ అబ్బాయి రాత్రి పదకొండు దాకా చదివింది ఎందుకో ఇప్పుడు మీకు అర్థమై ఉంటుంది. అవును, ఆ నాన్నగారి అబ్బాయే.

అయితే ఇక్కడ ఒక మాట సూటిగా చెప్పాలి. ఇది కథ. నిజంగా డిస్లెక్సియా ఉన్న పిల్లలకు గ్రీకు రాదు, ఏ మహత్తూ ఉండదు. చదవడం కష్టం, అంతే. తెలివికి దీనితో సంబంధం లేదు. కథ చెబితే అన్నీ అర్థం చేసుకుని, అదే కథ చదవమంటే ఒక్కో పదం దగ్గర ఆగిపోతుంటే, రెండు మూడు తరగతులు దాటినా ‘బి’, ‘డి’ అక్షరాలు తారుమారవుతుంటే, తెలుగులో ‘మ’కు, ‘య’కు తేడా పట్టుకోలేక, ఒత్తులు వదిలేస్తుంటే, నోటితో టకటకా జవాబు చెప్పి కాగితం మీద ఖాళీ వదిలేస్తుంటే, తిట్టే ముందు మాతో మాట్లాడండి. మొదట కళ్లు, చెవులు పరీక్ష చేయించాలి. ఆ తర్వాత క్లినికల్ సైకాలజిస్ట్ దగ్గర అసెస్‌మెంట్. ఇవి మందులతో తగ్గే జబ్బులు కావు. శబ్దానికి, అక్షరానికి ముడివేస్తూ మెల్లగా నేర్పితే చాలా తేడా వస్తుంది, ఎంత తొందరగా మొదలుపెడితే అంత మంచిది.

ఇందులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. 2016 దివ్యాంగుల హక్కుల చట్టంలో లెర్నింగ్ డిసెబిలిటీ కూడా ఉంది. సర్టిఫికెట్ ఉంటే సీబీఎస్‌ఈ బోర్డు పరీక్షల్లో మూడు గంటల పేపర్‌కు 60 నిమిషాలు అదనంగా ఇస్తారు, స్క్రైబ్‌ను కూడా పెట్టుకోవచ్చు. ‘సర్టిఫికెట్ అంటే పిల్లాడికి ముద్ర వేసినట్టు కదా మేడమ్’ అని కొందరు తల్లులు నాతో అన్నారు. వాళ్ల భయం నాకు అర్థమవుతుంది. కానీ ‘బద్ధకం’, ‘మొద్దు’ అనే ముద్రలు సర్టిఫికెట్ లేకుండానే పడుతున్నాయి. పదో తరగతి హాల్ టికెట్లు వచ్చే వేళకు పరుగులు పెట్టకుండా ముందే చూసుకోవడం మేలు.

ఇక ఈ పుస్తకంలో మీరు ముందే తెలుసుకోవాల్సినవి కొన్ని ఉన్నాయి. పెర్సీ సవతి తండ్రి తాగుతాడు, పేకాడతాడు, ఆమె మీద చెయ్యి చేసుకుంటాడని కూడా తెలుస్తుంది. చివర్లో అతని సంగతి ఆమె చూసుకునే తీరు కొందరికి నచ్చకపోవచ్చు. మనుషులతో పిల్లల్ని కని వెళ్లిపోయే దేవుళ్ల గురించి ఆరో తరగతి పిల్లలు ప్రశ్నలు అడుగుతారు. పోరాటాలు చాలా ఉన్నాయి కానీ రక్తపాతం తక్కువ, రాక్షసులు పొడిగా మారిపోతారు. వేరే మతం నేర్పుతున్నారా అని అడిగినవాళ్లకు: గ్రీకు దేవుళ్లు ఇక్కడ కథల్లోని పాత్రలు. సృష్టికర్త అయిన భగవంతుడి సంగతి వేరు, దాని జోలికి మనం పోవద్దు అని కథలోనే ఒక పెద్దాయన చెప్పేస్తాడు. నా అంచనాలో ఇది అయిదో తరగతి లోపు పిల్లలకు కాదు. ఆరు దాటినవాళ్లకు హాయిగా ఇవ్వొచ్చు.

భాష సులువు. పెర్సీ తన కథ తానే, స్నేహితుడికి చెబుతున్నట్టు జోకులేస్తూ చెబుతాడు. వాక్యాలు చిన్నవి. మొదటి వరసలో అయిదు పుస్తకాలు, చివరిది 2009లో వచ్చింది. ఆ తర్వాత వచ్చినవి ఇంకా ఉన్నాయి కానీ ఈ అయిదూ వరసగా చదివాకే వాటి జోలికి వెళ్లాలి. 2010లో వచ్చిన సినిమా ముందు చూపించకండి, అందులో పెర్సీ వయసే పెంచేశారు, పుస్తకంలో ఉన్న చిన్నపిల్లవాడి బాధ పోయింది. 2023 చివర్లో డిస్నీ ప్లస్‌లో మొదలైన సిరీస్ నయం, దాని తయారీలో రియర్డన్ కూడా ఉన్నాడు. మన పురాణాల వైపు నుంచి ఇలాంటిదే కావాలంటే రోషనీ చోక్షీ రాసిన ‘అరూ షా అండ్ ద ఎండ్ ఆఫ్ టైమ్’ ఉంది, 2018లో వచ్చింది. పంచపాండవులు ఈ కాలంలో అమ్మాయిలుగా మళ్లీ పుడితే ఎలా ఉంటుందన్నది కథ. రియర్డన్ పేరు మీద నడుస్తున్న పుస్తకాల వరసలో మొదట వచ్చింది అదే.

నెమ్మదిగా చదివే పిల్లలైతే ఆడియోబుక్ పెట్టి, పుస్తకం చేతిలో ఉంచి, వింటూ కళ్లతో అనుసరించమనండి. అది మోసం కాదు. రాత్రి ఒక అధ్యాయం మీరూ వాళ్లూ కలిసి చదివినా మంచిదే. మీకు ఇంగ్లిష్ అంతగా రాకపోతే వాళ్లను తెలుగులో చెప్పమనండి, మా క్లాసులో ఒకమ్మాయి రోజూ వాళ్ల నాయనమ్మకు చెబుతోందట. రెండో భాగం ఎప్పుడు తెస్తావని ఇప్పుడు ఆవిడే అడుగుతున్నారట. లైట్ ఆర్పే టైము మాత్రం మీ ఇష్టం, పదకొండు నాకూ ఎక్కువే అనిపిస్తుంది.

ఆ నాన్నగారు ఈ పేజీ చదువుతుంటే ఒక చిన్న కోరిక సార్. ఈ రోజు భోజనాల దగ్గర మీ అబ్బాయిని, కైరాన్ ఎవరు, కేరాన్ ఎవరు అని అడగండి. వాడు పుస్తకం చూడకుండా చెప్తాడు.